తెల్లగడ్డల ఊరి నుంచి ఒలింపిక్స్ దాకా

రాయి మనకు కొత్త కాదు. కడప బండ పరవని ఇల్లు మన పక్క తక్కువ. మంగంపేట ముగ్గురాయి పేరు వినని వాళ్లు రాజంపేటకూ కోడూరుకూ మధ్య దొరకరు. కానీ రాయిని మంచు మీద జార్చి, దాని ముందు బ్రష్ పట్టుకుని పరిగెత్తి, నెల జీతం తీసుకునే ఉద్యోగం ఒకటుందంటే ‘‘ఏంది సామీ, నిజమేనా’’ అంటారు. నిజమే. ఆ ఆట పేరు కర్లింగ్. అందులో ఒలింపిక్ పతకం తెచ్చిన ఒక అమ్మాయిల జట్టుది దక్షిణ కొరియాలో తెల్లగడ్డలకు పేరుపడ్డ చిన్న ఊరు. ప్లేస్‌మెంట్ల టెన్షన్‌లో ఉన్న మనకు ఈ కథ ఎందుకంటారా? ఇందులో పతకం ఎంత ఉందో, కాంట్రాక్టు గొడవ కూడా అంతే ఉంది.

పీఈటీ క్లాసులో మొదలైంది

ఆ ఊరు ఉయిసాంగ్. చదువైపోయిన పిల్లలు పట్నాలకు వెళ్లిపోతే పెద్దవాళ్లే మిగిలే వ్యవసాయ ప్రాంతం. మన పల్లెల నుంచి కువైట్‌కో బెంగళూరుకో పోయినట్టే అనుకోండి. 2006లో అక్కడ కర్లింగ్ సెంటర్ కట్టారు. ఆ దేశంలో ఈ ఆట కోసమే కట్టిన మొదటి రింక్ అది. చేయడానికి వేరే పెద్దగా ఏమీ లేని ఊళ్లో హైస్కూలు పిల్లలకు అదొక కాలక్షేపం అయింది.

కిమ్ ఉన్-జుంగ్ అనే అమ్మాయి స్కూల్లో పీఈటీ క్లాసు ద్వారా కర్లింగ్‌లోకి వచ్చింది. ఫ్రెండు కిమ్ యోంగ్-మీని పిలుచుకుంది. యోంగ్-మీకి ఏదో వస్తువు ఇవ్వడానికి రింక్‌కు వచ్చిన చెల్లెలు కిమ్ క్యోంగ్-ఏ అక్కడే ఉండిపోయింది. ఆ చెల్లెలు తన క్లాసులో కర్లింగ్‌కు ఎవరైనా వస్తారా అని బోర్డు మీద రాస్తే, కిమ్ సోన్-యోంగ్ వచ్చి చేరింది. సెలెక్షన్ ట్రయల్స్ లేవు, టాలెంట్ హంట్ లేదు. అక్కాచెల్లెళ్లు, క్లాస్‌మేట్లు. తర్వాత వేరే ఊరి నుంచి కిమ్ చో-హీ అయిదో సభ్యురాలిగా చేరింది. అందరి ఇంటిపేరూ కిమ్మే కావడంతో విదేశీ కామెంటేటర్లు తికమకపడేవాళ్లు. అందుకని టిఫిన్లో తినే పదార్థాల పేర్లు మారుపేర్లుగా పెట్టుకున్నారు: పాన్‌కేక్, స్టీక్, సన్నీ, చోచో, యాన్నీ. ఇది సరదా కోసం అల్లిన కథ కాదు, నిజంగా జరిగిందే.

చూడటానికి ఊడ్చినట్టే ఉంటుంది

ఆట ఏందో కొంచెం చెప్పాలి. సుమారు 45 మీటర్ల పొడవున్న మంచు దారి. అవతలి చివర 12 అడుగుల వ్యాసంతో గీసిన వలయాలు. దాదాపు 20 కిలోల గ్రానైట్ రాయిని ఇవతలి నుంచి వదిలి, ఆ వలయాల నడిబొడ్డుకు దగ్గరగా ఆపాలి. జట్టుకు నలుగురు, మనిషికి రెండు రాళ్లు. అట్లా రెండు జట్ల 16 రాళ్లూ అయిపోతే ఒక ‘ఎండ్’. ఒలింపిక్స్‌లో పది ఎండ్లు ఆడతారు. మ్యాచ్ రెండున్నర గంటల పైమాటే. ఒలింపిక్స్‌లో వాడే రాళ్లు స్కాట్లాండ్ దగ్గర ఐల్సా క్రెయిగ్ అనే దీవిలో దొరికే గ్రానైట్‌తో చేసినవి.

మెకానికల్ వాళ్లకు ఒక మాట. ఆ మంచు నున్నగా ఉండదు. ఆటకు ముందు నీటి చుక్కలు చల్లితే అవి గడ్డకట్టి సన్నని బొడిపెలవుతాయి. బ్రష్‌తో గట్టిగా రుద్దితే పైపొర కాస్త వేడెక్కి ఘర్షణ తగ్గుతుంది. రాయి ఇంకొంత దూరం పోతుంది, వంపు తగ్గుతుంది. అసలు తిప్పిన దిక్కుకే రాయి ఎందుకు వంగుతుందనే దాని మీద భౌతికశాస్త్రవేత్తలు ఇంకా వాదించుకుంటూనే ఉన్నారు. బల్ల మీద గ్లాసును బోర్లించి, తిప్పుతూ జార్చి చూడండి, అది ఎదురు దిక్కుకు పోతుంది.

రుద్దాలా వద్దా అని అరిచి చెప్పేది కెప్టెన్. ఈ ఆటలో ఆమెను ‘స్కిప్’ అంటారు. ఉన్-జుంగ్ గుండ్రటి కళ్లద్దాలు పెట్టుకుని, ముఖంలో ఏ భావమూ లేకుండా ‘‘యోంగ్-మీ!’’ అని అరిచే అరుపు 2018లో కొరియా అంతటా మార్మోగింది.

దానికి ముందు ఓటమి ఉంది. 2014 సోచి ఒలింపిక్స్‌కు దేశం తరఫున ఎవరు వెళ్లాలనే పోటీలో ఈ జట్టు ఓడిపోయింది. ఆ తర్వాత నాలుగేళ్లకు సొంత దేశంలోనే ప్యోంగ్‌చాంగ్ ఒలింపిక్స్. మొదటి మ్యాచ్‌లోనే అప్పటి ప్రపంచ ఛాంపియన్ కెనడాను ఓడించారు. లీగ్ దశలో 9 మ్యాచుల్లో 8 గెలిచారు. ఓడిన ఆ ఒక్కటీ జపాన్ చేతిలో. సెమీస్‌లో మళ్లీ జపానే ఎదురైంది. స్కోరు సమమై అదనపు ఎండ్‌కు వెళ్తే, ఉన్-జుంగ్ చివరి రాయితో 8-7 తేడాతో గట్టెక్కారు. ఫైనల్లో స్వీడన్ చేతిలో 3-8తో ఓడి రజతం తెచ్చుకున్నారు. ఒలింపిక్ కర్లింగ్ ఫైనల్ ఆడిన మొదటి ఆసియా జట్టు వాళ్లదే. ఆటలు జరుగుతున్నన్ని రోజులూ ఫోన్లు దూరం పెట్టేశారు కాబట్టి, బయట తమకు ఎంత పేరొచ్చిందో వాళ్లకే తెలియదు. తర్వాత ఎల్‌జీ కంపెనీ వాళ్లను వాక్యూమ్ క్లీనర్ ప్రకటనకు పెట్టుకుంది. ఊడ్చేవాళ్లకు ఊడ్చే మిషన్!

పతకం వచ్చాక

చాలా కథనాలు ఇక్కడ ఆగిపోతాయి. మన పనికొచ్చేది ఇక్కడి నుంచే మొదలవుతుంది.

కొరియాలో ఇలాంటి ఆటలకు నగరపాలక సంస్థలు, రాష్ట్ర క్రీడా మండళ్లు జట్లను పోషిస్తాయి. ఆటగాళ్లు కాంట్రాక్టు ఉద్యోగులు, నెల జీతం వస్తుంది. మన రైల్వే, పోలీసు జట్లకు కాస్త దగ్గరి పద్ధతి. ఈ జట్టు ఉత్తర గ్యోంగ్‌సాంగ్ క్రీడా మండలి కింద ఆడేది. 2018 నవంబరులో ఆ అయిదుగురూ కలిసి కొరియా ఒలింపిక్ కమిటీకి లేఖ రాశారు. కోచ్‌లు, వాళ్ల కుటుంబ పెద్ద అయిన సమాఖ్య మాజీ ఉపాధ్యక్షుడు తమను తిడుతున్నారనీ, ప్రైజ్‌మనీ తమ చేతికి రావడం లేదనీ అందులో ఉంది. పెళ్లయ్యాక ఉన్-జుంగ్‌ను పక్కకు తప్పించాలని చూశారన్నది ఇంకో ఆరోపణ.

ఒకసారి ఆలోచించండి. ఆ ఊళ్లో ఆటకు పునాది వేసిందీ, వీళ్లకు ఆట నేర్పిందీ ఆ కుటుంబమే. ‘‘మేం లేకుంటే మీరెక్కడ’’ అనే మాటకు ఎదురు చెప్పడం తేలిక కాదు. మన కాలేజీల్లో, చిన్న కంపెనీల్లో, కోచింగ్ సెంటర్లలో ఈ మాట విననివాళ్లు ఎవరున్నారు?

ప్రభుత్వం దర్యాప్తు చేయించింది. 2019 ఫిబ్రవరిలో ఫలితం చెప్పారు: ఆరోపణల్లో చాలావరకు నిజమే. ఆటగాళ్లకు చేరాల్సిన ప్రైజ్‌మనీ, విరాళాలు కలిపి సుమారు 9.4 కోట్ల వోన్లు వాళ్లకు అందలేదు. అప్పటి లెక్కన మన డబ్బుల్లో దాదాపు 60 లక్షలు. అంతర్జాతీయ పతకం మెళ్లో ఉన్నవాళ్లకే తమ డబ్బు ఎటు పోతోందో కనపడలేదు.

వాళ్లు విడిపోలేదు. నా దృష్టిలో రజతం కంటే ఇదే పెద్ద సంగతి. ఉన్-జుంగ్ 2019లో బిడ్డను కని మళ్లీ రింక్‌కు వచ్చింది. 2020లో జాతీయ టైటిల్ గెలిచారు. పాత కాంట్రాక్టు ముగిశాక 2021 మార్చిలో అయిదుగురూ కలిసి గాంగ్‌నుంగ్ సిటీ హాల్ జట్టులో చేరారు. 2018లో వాళ్లు రజతం గెలిచిన రింక్ ఉన్నది ఆ నగరంలోనే. 2022 బీజింగ్ ఒలింపిక్స్‌లో ఎనిమిదో స్థానం. ఆ మరుసటి నెలలోనే ప్రపంచ ఛాంపియన్‌షిప్‌లో ఫైనల్ దాకా వెళ్లి, స్విట్జర్లాండ్ చేతిలో 6-7తో ఓడి రజతం గెలిచారు.

అందరికీ జీతమిచ్చే సిటీ హాల్ దొరకదు. 2022లో బ్రిటన్‌కు స్వర్ణం తెచ్చిన జట్టులోని విక్కీ రైట్ వృత్తిరీత్యా నర్సు. కరోనా రోజుల్లో ఆస్పత్రిలో డ్యూటీ చేసింది. 2014లో ఒక్క మ్యాచ్ కూడా ఓడకుండా స్వర్ణం గెలిచిన కెనడా స్కిప్ జెన్నిఫర్ జోన్స్ లాయరు. ప్రపంచ స్థాయిలో ఉన్నవాళ్లే రెండో సంపాదన దారి వదులుకోలేదు. ‘‘ఇష్టమైన దాని కోసం అన్నీ వదిలేయ్’’ అని రీల్స్‌లో చెప్పేవాళ్లను వినేముందు వీళ్లిద్దర్నీ గుర్తు తెచ్చుకోండి.

మన వైపు సంగతి

కర్లింగ్ కోసం రాజంపేటలో వెతకొద్దు, మన ఎండకు ఆ మంచు అరగంట నిలవదు. కానీ లెక్క మాత్రం మనకూ వర్తిస్తుంది. మన జిల్లాలోని ఎర్రమల్లె నుంచి వెళ్లిన శ్రీచరణి 2025 ప్రపంచకప్‌లో 14 వికెట్లు తీసింది. రాష్ట్ర ప్రభుత్వం రెండున్నర కోట్లు, గ్రూప్-1 ఉద్యోగం ప్రకటించింది. అది క్రికెట్, దానికి మార్కెట్ ఉంది. ఖోఖో, వెయిట్‌లిఫ్టింగ్, అథ్లెటిక్స్ ఆడే అమ్మాయిల పరిస్థితి క్రికెటర్ల కంటే కర్లర్లకే దగ్గర. వాళ్లకు ఆట ఒక్కటే బతుకుతెరువు కాదు, ఉద్యోగానికి దారి.

ఆ దారి ఇప్పుడు కొంచెం వెడల్పయింది. ఆంధ్రప్రదేశ్‌లో స్పోర్ట్స్ కోటా 2 నుంచి 3 శాతానికి పెరిగింది. 2025 మెగా డీఎస్సీలో ఆ కోటా కింద 421 పోస్టులు పెట్టారు. డిగ్రీ, బీటెక్ చదువుతూ ఆడేవాళ్లు సర్టిఫికెట్లను బీరువాలో పడేసి, నోటిఫికేషన్ వచ్చాక వెతుక్కోవద్దు. మీ ఆట గుర్తింపు జాబితాలో ఉందా, ఇచ్చింది గుర్తింపు ఉన్న సమాఖ్యేనా, అది ఏ స్థాయి పోటీ అన్నది ఇప్పుడే చూసుకోవాలి.

ఆడనివాళ్లకు కూడా కొరియా అమ్మాయిల లేఖలో పని ఉంది. ఆఫర్ లెటర్‌తో పాటు వచ్చే బాండు చదవకుండా సంతకం చేయొద్దు. 2025 మేలో ఒక బ్యాంకు అధికారి కేసులో, మూడేళ్లు నిండకుండా మానేస్తే 2 లక్షలు కట్టాలనే షరతు చెల్లుతుందని సుప్రీంకోర్టు చెప్పింది. అంటే ‘‘ఉత్త కాగితమేలే’’ అనుకునే రోజులు కావివి. ఇన్సెంటివ్ ఎవరి ఖాతాలో పడుతుంది, ఎప్పుడు పడుతుంది, మానేస్తే ఎంత కట్టాలి, ఒరిజినల్ సర్టిఫికెట్లు ఎందుకు అడుగుతున్నారు. ఈ నాలుగూ హెచ్ఆర్‌ను నోటితో కాదు, మెయిల్‌లో అడగండి. జవాబు కూడా మెయిల్‌లోనే తీసుకోండి.