గేమ్ ఓపెన్ చేస్తే స్క్రీన్ నల్లగా అయిపోతోందా? కార్డు పోయిందనుకునే ముందు ఈ మూడు ప్రశ్నలు

ఈ రోజు ఎపిసోడ్‌లో పీసీ గేమ్స్‌లో వచ్చే బ్లాక్ స్క్రీన్ గురించి, స్క్రీన్ మీద కనిపించే గీతలు, చుక్కల గురించి మాట్లాడుకుందాం. వీడియో చూసే టైమ్ లేనివాళ్ల కోసం చెప్పిందంతా ఇక్కడ రాసి పెడుతున్నాం.

ముందు ఒక చిన్న విషయం చెప్తాను. మొన్నీమధ్య రాత్రి పదకొండింటికి మా బాబాయి కొడుకు ఫోన్ చేశాడు. బీటెక్ సెకండ్ ఇయర్. రూమ్‌లో ఒక సెకండ్ హ్యాండ్ పీసీ ఉంది, సగం డబ్బులు వాడు దాచుకున్నవి, సగం బాబాయి ఇచ్చినవి.

"అన్నా, నా గ్రాఫిక్స్ కార్డు పోయిందంట. మార్చాలంటే 12 వేలు అవుతుందంట. నాన్నకి ఎలా చెప్పాలో అర్థం కావట్లేదు."

"పోయిందని ఎవరు చెప్పార్రా?"

"రిపేర్ షాపాయనకి వీడియో తీసి వాట్సాప్‌లో పంపానన్నా. గేమ్ పెట్టగానే స్క్రీన్ నల్లగా అయిపోతోంది కదా, అది చూసి కార్డే అన్నాడు."

"డెస్క్‌టాప్ మామూలుగా కనిపిస్తోందా?"

"ఆ, కనిపిస్తోంది."

"గేమ్ పెట్టాక సౌండ్ వస్తోందా?"

"వస్తోందన్నా. మెనూ మ్యూజిక్ మోగుతూనే ఉంది."

అంతే, నాకు సగం ధైర్యం వచ్చేసింది. ఎందుకో చెప్తాను. వాడి పీసీకి చివరికి ఏమైందో కూడా చెప్తాను, కానీ అది ఆఖర్న.

బొమ్మ స్క్రీన్ దాకా ఎలా వస్తుంది?

మీ ఇంట్లో కొళాయి తిప్పితే నీళ్లు రాలేదనుకోండి. వెంటనే "బోరు ఎండిపోయింది, కొత్త బోరు వేయించాలి" అనరు కదా. ట్యాంకులో నీళ్లున్నాయా, వాల్వ్ ఎవరైనా కట్టేశారా, పైపు ఎక్కడైనా మూసుకుపోయిందా అని వరసగా చూస్తారు.

పీసీలో కూడా అంతే. గేమ్ "ఈ సీన్ గీయి" అని అడుగుతుంది. ఆ మాటని డ్రైవర్ అనే సాఫ్ట్‌వేర్ కార్డుకి అర్థమయ్యేలా చెప్తుంది. కార్డు బొమ్మ గీస్తుంది. ఆ బొమ్మ కేబుల్‌లో వెళ్లి మానిటర్ మీద కనిపిస్తుంది. వీటన్నిటికీ కరెంటు ఇచ్చేది ఎస్‌ఎంపీఎస్. ఈ గొలుసులో ఏ ఒక్క కొక్కెం ఊడినా మనకి కనిపించేది ఒకటే, నల్ల స్క్రీన్. అందుకే నల్ల స్క్రీన్ ఒక్కటే చూసి కార్డు పోయిందని చెప్పడం కుదరదు. ఏ కొక్కెం ఊడిందో తెలుసుకోవడానికి మూడు ప్రశ్నలు వేసుకోవాలి.

మొదటి ప్రశ్న: స్క్రీన్ నల్లగా ఉన్నప్పుడు పీసీ బతికే ఉందా?

రెండు చిన్న టెస్టులు. ఒకటి, గేమ్ సౌండ్ వస్తోందా? రెండు, కీబోర్డ్‌లో క్యాప్స్ లాక్ నొక్కితే లైటు వెలిగి ఆరుతోందా?

రెండూ బాగుంటే పీసీ పని చేస్తూనే ఉంది, గేమ్ కూడా నడుస్తోంది. బొమ్మ మాత్రమే మీ దాకా రావట్లేదు. ఇలాంటప్పుడు పవర్ బటన్ నొక్కిపట్టి ఆఫ్ చేసేయకండి. ముందు ఇవి ఒక్కొక్కటిగా ట్రై చేయండి.

ఆల్ట్ + ఎంటర్ నొక్కండి. చాలా గేమ్స్‌లో ఇది ఫుల్ స్క్రీన్ నుంచి విండోలోకి మారుస్తుంది. బొమ్మ వచ్చిందంటే గొడవంతా ఫుల్ స్క్రీన్ సెట్టింగ్‌లోనే ఉందన్నమాట.

అది పని చేయకపోతే విండోస్ + కంట్రోల్ + షిఫ్ట్ + బి, నాలుగూ కలిపి నొక్కండి. ఇది గ్రాఫిక్స్ డ్రైవర్‌ని అక్కడికక్కడే రీస్టార్ట్ చేస్తుంది. ఒక బీప్ వస్తుంది, స్క్రీన్ ఒక్క క్షణం మినుకుమంటుంది. డెస్క్‌టాప్‌లో మీరు తెరిచి పెట్టుకున్నవి అలాగే ఉంటాయి. గేమ్ మాత్రం ఒక్కోసారి మూసుకుపోవచ్చు.

గేమ్‌ని మొదటి నుంచే విండోలో తెరవాలంటే, స్టీమ్‌లో ఆ గేమ్ మీద రైట్ క్లిక్ చేసి ప్రాపర్టీస్‌లోకి వెళ్లండి. జనరల్‌లో లాంచ్ ఆప్షన్స్ అనే ఖాళీ డబ్బా ఉంటుంది. అందులో మైనస్ గుర్తు పెట్టి, పక్కనే గ్యాప్ లేకుండా ఇంగ్లిష్ చిన్న అక్షరాల్లో విండోడ్ అని టైప్ చేయండి. అన్ని గేమ్స్ దీన్ని వినవు, కానీ చాలా వాటిలో పని చేస్తుంది.

ఇంకొకటి. కొన్ని కొత్త గేమ్స్ మొదటిసారి తెరిచినప్పుడు, డ్రైవర్ అప్‌డేట్ చేసిన తర్వాత తెరిచినప్పుడు షేడర్లు తయారు చేసుకుంటాయి. అప్పుడు కాసేపు స్క్రీన్ నల్లగా ఉండటం మామూలే. పాత హార్డ్ డిస్క్ ఉన్న పీసీలో ఇంకా ఎక్కువసేపు పడుతుంది. ఐదు నిమిషాలు ఓపిక పట్టి చూడండి.

ఇక ల్యాప్‌టాప్ వాళ్లకి. గేమింగ్ ల్యాప్‌టాప్‌లో సాధారణంగా రెండు గ్రాఫిక్స్ ఉంటాయి. ప్రాసెసర్‌లో ఉండే చిన్నది ఒకటి, ఎన్విడియా లేదా ఏఎండీ పెద్దది ఒకటి. గేమ్ పొరపాటున చిన్నదాని మీద తెరుచుకుంటే నల్ల స్క్రీన్ రావచ్చు, లేదా అసలు తెరుచుకోకపోవచ్చు. సెట్టింగ్స్‌లో సిస్టమ్, డిస్‌ప్లే, గ్రాఫిక్స్‌లోకి వెళ్లి ఆ గేమ్‌ని యాడ్ చేసి, హై పెర్ఫార్మెన్స్ పెట్టండి.

డెస్క్‌టాప్ పీసీ వాళ్లు ఒకసారి వెనక్కి వెళ్లి కేబుల్ ఎక్కడ పెట్టారో చూడండి. పైన యూఎస్‌బీ పోర్టుల పక్కన ఉండేది మదర్‌బోర్డు పోర్టు. కింద అడ్డంగా ఉండేవి గ్రాఫిక్స్ కార్డు పోర్టులు. కేబుల్ కిందిదాంట్లో ఉండాలి. కొత్త కార్డు కొని, కేబుల్ మాత్రం పైన పెట్టి "కార్డు పని చేయట్లేదు" అనేవాళ్లు తక్కువేం లేరు. నేను కూడా ఒకసారి చేశాను, నవ్వకండి.

రెండో ప్రశ్న: స్క్రీన్‌షాట్‌లో కూడా అలాగే ఉందా?

ఇది గీతలు, రంగు చుక్కలు, చెల్లాచెదురైన బొమ్మలు వచ్చేవాళ్ల కోసం. చాలామంది ఫోన్‌తో ఫోటో తీసి పంపుతారు. ఫోటో వద్దు, స్క్రీన్‌షాట్ తీయండి. స్టీమ్ గేమ్ అయితే ఎఫ్12, లేకపోతే విండోస్ + ప్రింట్ స్క్రీన్. ఆ స్క్రీన్‌షాట్‌ని మీ ఫోన్‌కి పంపుకుని ఫోన్‌లో చూడండి.

ఫోన్‌లో బొమ్మ శుభ్రంగా ఉందా? అయితే కార్డు సరిగ్గానే గీసింది, దారిలో పాడైంది. అంటే కేబుల్, పోర్టు, లేదా మానిటర్. కేబుల్ తీసి గట్టిగా పెట్టండి, ఫ్రెండ్ దగ్గర వేరే కేబుల్ అడిగి చూడండి. హై రిఫ్రెష్ రేట్ పెట్టినప్పుడు ఒక్క క్షణం నల్లగా అయి మళ్లీ వస్తుంటే, డిస్‌ప్లే సెట్టింగ్స్‌లో 60 హెర్ట్జ్‌కి తగ్గించి చూడండి. తగ్గిస్తే ఆగిపోయిందంటే ఆ స్పీడు కేబుల్ మోయలేకపోతోందని ఎక్కువ అనుమానం. కేబుల్ మార్చడం కొన్ని వందల రూపాయల పని, కార్డు మార్చడం వేల రూపాయల పని. తేడా అంత ఉంది.

ఫోన్‌లో కూడా గీతలు కనిపిస్తున్నాయా? అయితే గొడవ పీసీ లోపలే ఉంది. ఇప్పుడు ఒక్క గేమ్‌లోనే వస్తోందా, అన్ని గేమ్స్‌లో వస్తోందా చూసుకోండి.

ఒక్క గేమ్‌లోనే అయితే ఆ గేమ్ ఫైల్స్‌లో ఏదో పాడై ఉండొచ్చు. స్టీమ్‌లో ప్రాపర్టీస్, ఇన్‌స్టాల్డ్ ఫైల్స్, వెరిఫై కొట్టండి. పాడైన ఫైల్స్ మాత్రమే మళ్లీ దించుకుంటుంది. 80 జీబీ మొత్తం మళ్లీ డౌన్‌లోడ్ చేయక్కర్లేదు, మీ డేటా మిగులుతుంది.

అన్ని గేమ్స్‌లోనూ అయితే రెండు అనుమానాలు, డ్రైవర్, వేడి.

డ్రైవర్ సంగతి చూద్దాం. కార్డు పనిలో ఇరుక్కుపోయి బదులివ్వకపోతే విండోస్ మామూలుగా 2 సెకన్లు ఎదురుచూస్తుంది. అప్పటికీ ఉలుకూ పలుకూ లేకపోతే డ్రైవర్‌ని తనే రీసెట్ చేస్తుంది. అప్పుడు మీకు కనిపించేది ఒక క్షణం నలుపు, ఆ తర్వాత డెస్క్‌టాప్, గేమ్ మాయం. ఈవెంట్ వ్యూయర్ తెరిచి విండోస్ లాగ్స్‌లో సిస్టమ్ చూస్తే, డిస్‌ప్లే పేరుతో 4101 నంబర్ ఈవెంట్ కనిపించొచ్చు. కనిపిస్తే జరిగింది ఇదే.

కొత్త డ్రైవర్ వేశాకే మొదలైతే, డివైస్ మేనేజర్‌లో కార్డు ప్రాపర్టీస్‌లోకి వెళ్లి రోల్ బ్యాక్ చేయండి. డ్రైవర్ మరీ పాతదైతే ఎన్విడియా, ఏఎండీ, ఇంటెల్ సొంత వెబ్‌సైట్ నుంచే కొత్తది తీసుకోండి. "ఒక్క క్లిక్‌తో అన్ని డ్రైవర్లు" అని యాడ్‌లో వచ్చే సాఫ్ట్‌వేర్ జోలికి మాత్రం పోకండి.

ఇక వేడి. ఎండాకాలం విజయవాడలో, రామగుండంలో గది ఎలా ఉడికిపోతుందో మీకు తెలుసు. ఆ వేడి గాలితోనే కార్డు చల్లబడాలి. గేమ్ ఆడుతూ కంట్రోల్ + షిఫ్ట్ + ఎస్కేప్ నొక్కి, టాస్క్ మేనేజర్ పెర్ఫార్మెన్స్‌లో జీపీయూ మీద క్లిక్ చేయండి. విడి కార్డు ఉన్న పీసీల్లో టెంపరేచర్ అక్కడే కనిపిస్తుంది. 85 డిగ్రీలు దాటి పైపైకి పోతూ, అప్పుడే గీతలు వస్తుంటే ముందు దుమ్ము దులపండి. స్విచ్ ఆఫ్ చేసి, ప్లగ్ తీసేసి, ఫ్యాన్ తిరగకుండా వేలితో పట్టుకుని మెత్తటి బ్రష్‌తో దులపాలి. ఓవర్‌క్లాక్ చేసి ఉంటే తీసేయండి.

ఇవన్నీ చేశాక కూడా, చల్లగా ఉన్నప్పుడు కూడా, పీసీ ఆన్ చేయగానే కంపెనీ లోగో దగ్గర నుంచే గీతలు వస్తున్నాయంటే, అప్పుడు కార్డుని అనుమానించండి. అక్కడ ఇంకా గేమూ లేదు, విండోస్ డ్రైవరూ లేదు కదా.

ఒకవేళ సౌండ్ కూడా ఆగిపోతే?

మొదటి ప్రశ్నలో ఇంకో వైపు ఉంది. స్క్రీన్ నల్లగా అయి, సౌండ్ ఆగిపోయి, ఫ్యాన్లు గుయ్‌మని అరిస్తే, లేదా పీసీ మొత్తం రీస్టార్ట్ అయిపోతే, అప్పుడు కరెంటు వైపు చూడాలి. మెనూలో బాగుండి, ఫైటింగ్ మొదలవగానే ఆగిపోతుంటే అనుమానం ఇంకా బలపడుతుంది. బరువు పడినప్పుడే కదా బలహీనత బయటపడేది.

మదర్‌బోర్డు స్లాట్ నుంచి కార్డుకి 75 వాట్ల దాకా వస్తుంది. కార్డు మీద 6 పిన్నుల సాకెట్ ఉంటే ఇంకో 75, 8 పిన్నులదైతే 150. ఆ పిన్నులు పూర్తిగా కూర్చున్నాయో లేదో చూడండి. తర్వాత ఎస్‌ఎంపీఎస్ స్టిక్కర్ చదవండి. పెద్ద అక్షరాల్లో 500 అని ఉంటే మురిసిపోకండి. 12 వోల్టుల వరసలో ఎన్ని ఆంపియర్లు రాశారో చూడండి. 18 అని ఉంటే 12 ఇంటూ 18, అంటే 216 వాట్లే. కార్డు, ప్రాసెసర్ రెండూ ప్రధానంగా బతికేది దాని మీదే. ఒక్క హెచ్చరిక: ఎస్‌ఎంపీఎస్ డబ్బాని మాత్రం విప్పకండి. ప్లగ్ తీసినా లోపల కరెంటు కాసేపు నిలవ ఉంటుంది, ప్రమాదం.

మూడో ప్రశ్న: బాగా పని చేసిన రోజుకీ, ఇవాళ్టికీ మధ్య ఏం మారింది?

ఇది అన్నిటికన్నా ముఖ్యమైన ప్రశ్న. దీనికి అందరూ చెప్పే జవాబు కూడా ఒకటే, "ఏమీ మారలేదు." మా తమ్ముడూ అదే అన్నాడు.

"సరేరా, గేమ్ పెట్టాక మానిటర్ మీద చిన్న డబ్బా లాంటిది ఏదైనా వచ్చి పోతోందా?"

"ఆగన్నా చూస్తా... ఆ, అవుట్ ఆఫ్ రేంజ్ అని ఒక్క సెకను వస్తోంది."

"మానిటర్ మార్చావా?"

కాసేపు సైలెన్స్. "అదా... ఇన్నాళ్లూ రూమ్‌మేట్ మానిటర్ వాడుకున్నానన్నా. వాడు ఖాళీ చేసి తీసుకెళ్లిపోయాడు. మన ఇంట్లో పాతది ఉంది కదా, అది తెచ్చి కన్వర్టర్ పెట్టి కలిపాను."

దొరికింది కదా! రూమ్‌మేట్ మానిటర్ 144 హెర్ట్జ్‌ది. గేమ్ ఆ సెట్టింగే గుర్తు పెట్టుకుంది. పాత మానిటర్ తట్టుకునేది 60. మధ్యలో కన్వర్టర్ ఉండేసరికి, తన శక్తి ఇంతేనని మానిటర్ పీసీకి సరిగ్గా చెప్పుకోలేకపోయింది. గేమ్ 144లో పంపుతోంది, మానిటర్ నా వల్ల కాదని కళ్లు మూసుకుంటోంది. కార్డు పాపం దాని పని అది చేస్తూనే ఉంది.

గేమ్ సెట్టింగ్స్ ఫైల్ చాలాసార్లు డాక్యుమెంట్స్‌లో మై గేమ్స్ ఫోల్డర్‌లో ఉంటుంది, లేకపోతే యాప్‌డేటాలో లోకల్ ఫోల్డర్‌లో. యాప్‌డేటా కనిపించకపోతే ఫైల్ ఎక్స్‌ప్లోరర్ వ్యూలో హిడెన్ ఐటమ్స్ ఆన్ చేయండి. ఆ ఫైల్‌ని డిలీట్ చేయొద్దు, పేరు మార్చండి చాలు. గేమ్ తనే కొత్తది తయారు చేసుకుంటుంది. ఫోల్డర్ మొత్తం తీసేయకండి, మీ సేవ్ గేమ్స్ కూడా అక్కడే ఉండొచ్చు.

వాడు పేరు మార్చాడు, గేమ్ తెరిచాడు. ఫోన్‌లోనే అరుపు వినిపించింది. ఖర్చు సున్నా. బాబాయికి చెప్పాల్సిన అవసరమే రాలేదు.

షాపాయన మోసం చేశాడని నేననను. ఒక వీడియో చూసి ఆయన ఒక ఊహ చెప్పాడు, వీడు దాన్ని తీర్పు అనుకున్నాడు. మీరు షాప్‌కి వెళ్లొద్దని కూడా చెప్పట్లేదు. వెళ్లే ముందు ఈ మూడు జవాబులు రాసుకుని వెళ్లండి: సౌండ్ వస్తోందా, స్క్రీన్‌షాట్ ఎలా ఉంది, ఏం మారింది. కార్డు మార్చాలని చెప్తే, "ముందు వేరే పీసీలో పెట్టి చూపించండి అన్నా" అని మర్యాదగా అడగండి. అక్కడ కూడా నల్లగానే ఉంటే అప్పుడు డబ్బులు తీయండి.

ఇవాళ్టికి ఇంతే ఫ్రెండ్స్. పీసీ ఉన్న ఫ్రెండ్ ఒకడు మీ గ్రూపులో ఉంటాడు కదా, వాడికి ఇది పంపండి. మళ్లీ వచ్చే ఎపిసోడ్‌లో కలుద్దాం, ఉంటాను.