మీకు తెలుసా?

సూరత్‌లో పుట్టిన సంజీవ్ కుమార్ 1972లో ఒకే ఏడాది జయభాదురికి తండ్రిగానూ భర్తగానూ నటించారు! ‘పరిచయ్’లో తండ్రి, ‘కోశిశ్’లో భర్త. రెండూ గుల్జార్ సినిమాలే. అప్పటికి సంజీవ్ కుమార్‌కు 34 ఏళ్లు. మాటలు రాని భర్తగా కళ్లతో, చేతులతోనే పలికించిన ‘కోశిశ్’ పాత్రకు జాతీయ ఉత్తమ నటుడి పురస్కారం దక్కింది. ఆయన అసలు పేరు హరిహర్ జెఠాలాల్ జరీవాలా.

1974లో ‘నయా దిన్ నయీ రాత్’లో ఏకంగా తొమ్మిది పాత్రలు వేశారు. నాయిక మళ్లీ జయభాదురే. మనవాళ్లకు ఈ కథ కొత్త కాదు: 1966లోనే తెలుగు ‘నవరాత్రి’లో అక్కినేని ఆ తొమ్మిదింటినీ పోషించారు. 1975 నాటి ‘షోలే’లో సంజీవ్ కుమార్ ఠాకూర్, జయ ఆయన కోడలు.