బంగినపల్లి మామిడి: పేరుకు గుర్తింపు, పండుకు పక్వత

పూర్వపు కర్నూలు జిల్లాలో భాగమై, 2022 నుండి నంద్యాల జిల్లాలో ఉన్న బనగానపల్లె, ఒకనాటి నవాబుల సంస్థానం. ఆ సంస్థానం 1948లో మద్రాసు రాష్ట్రంలో విలీనమైంది. అయినను ఆ ఊరి పేరు మామిడిపండుతో పాటు నేటికీ ఇంటింటా వినబడుతూనే ఉంది. 2017 మే నెలలో బంగినపల్లి మామిడికి భౌగోళిక గుర్తింపు లభించింది. దీని హక్కుదారుగా ఆంధ్రప్రదేశ్ ఉద్యాన శాఖ కమిషనర్ నమోదయ్యారు. బనగానపల్లె, పాణ్యం, నంద్యాల మండలాలను ఈ రకానికి మూలస్థానంగా పేర్కొన్నారు. కోస్తా, రాయలసీమ ప్రాంతాలతో పాటు తెలంగాణలోని ఖమ్మం, మహబూబ్‌నగర్ తదితర ప్రాంతాలలోనూ ఇది విస్తారంగా సాగవుతున్నది.

ఈ రకానికి బేనిషాన్ అనే పేరు కూడా ఉంది. మచ్చ లేనిదని దాని అర్థం. నిజానికి తొక్కపై అతి లేత చుక్కలు ఉంటాయి. గుర్తింపు పత్రాలలో ఇదే ప్రధాన లక్షణంగా నమోదైంది. కాయ పెద్దది, ఒకింత ఏటవాలైన కోలాకారం గలది. పండిన పిదప పలుచని తొక్క బంగారు పసుపు వర్ణం దాల్చుతుంది. గుజ్జు గట్టిగా, తియ్యగా ఉంటుంది, పీచు దాదాపు కానరాదు. అందువలననే ఇది రసాల వలె పిండి తాగే పండు కాక, ముక్కలు కోసుకుని తినే పండుగా పేరు పొందింది. టెంక నాటితే తల్లి చెట్టు గుణాలు యథాతథంగా రావు కనుక, రైతులు అంటు మొక్కలనే నాటుతారు.

అంటు ఎంత మేలైనదైనను, కాయ ముదరక మునుపే కోసినచో ఈ గుణాలేవీ పండులో కనిపించవు. సీజను తొలినాళ్లలో పలికే అధిక ధర ఆశ చూపి లేత కాయలను కోయించడం, వాటిని కాల్షియం కార్బైడుతో మాగబెట్టడం బంగినపల్లి పేరుకు చేటు తెచ్చిన దురలవాటు. కార్బైడు తేమ తగిలినపుడు అసిటిలీన్ వాయువును వెలువరిస్తుంది. అందులో ఆర్సెనిక్, భాస్వరపు అవశేషాలు ఉండే అవకాశం ఉంది. తొక్కకు రంగు వస్తుంది, లోపల పులుపు మిగిలిపోతుంది. 2011 నాటి ఆహార భద్రత నిబంధనలు ఈ పద్ధతిని నిషేధించాయి. ఇథిలీన్ వాయువును మాత్రం 100 పీపీఎం వరకు వినియోగించేందుకు 2016లో అనుమతి లభించింది. అయితే లేత కాయకు ఇథిలీన్ సైతం తీపిని ఇవ్వజాలదు.

కాయ ముదిరినదీ లేనిదీ తెలుసుకొనుటకు రైతుకు యంత్రమేమీ అక్కరలేదు. తొడిమ వద్ద భుజాలు నిండుగా ఉబ్బి ఉండాలి. నీటి తొట్టెలో వేసినపుడు ముదిరిన కాయ మునుగుతుంది, లేతది తేలుతుంది. కాయలను నేలపై రాల్చక చిక్కంతో దించాలి. సుమారు ఒక సెంటీమీటరు తొడిమ ఉంచి కోసినచో సొన తొక్కపై పడి నల్లని మరకలు ఏర్పడవు. ఇట్లు దించిన కాయలు వరిగడ్డిలో కొద్ది రోజులలోనే సహజంగా మాగుతాయి. కొనుగోలుదారులు రంగును మాత్రమే చూడక, తొడిమ వద్ద వాసన చూడవలెను. పచ్చని ఛాయ కొంత మిగిలి ఉన్నను, మాగిన బంగినపల్లికి అక్కడ సువాసన తప్పక ఉంటుంది.