మూడు చెంచాల తేనె

గడచిన శరదృతువున మిషిగన్ రాష్ట్రములో, డెట్రాయిట్ నగర శివారునందలి మా అమ్మాయి యింట నుండగా, ఒకనాటి ఉదయము ఫలాహారపు బల్లమీది గ్రనోలా పెట్టెను చేతికి తీసికొని దానిపై అచ్చువేసిన పదార్థముల పట్టికను చదివితిని. పెట్టె ముఖమున పండిన చేను, తేనెపట్టు చిత్రింపబడి యున్నవి. వెనుక పట్టికలోనన్ననో ఓట్స్ తరువాతి స్థానము చక్కెరది, కొంత క్రిందుగా మొక్కజొన్న పాకము, దాని క్రింద తేనె. బరువులో హెచ్చైనది ముందును తగ్గినది వెనుకను వచ్చునట్లు వ్రాయవలెనని అచ్చటి నియమము. కనుక ఒకే తీపి మూడు పేర్లతో విడిపడి మూడుచోట్ల కూర్చున్నదని గ్రహించితిని.

“ఇది రోజూ పిల్లలకు పెడుతున్నావా, అమ్మా?” అని అడిగితిని.

“పెడుతున్నాను నాన్నా. ఈ ఆదివారం నుంచి మనమే చేసుకుందాం” అనెను.

ఆ యింటికి పడమరగా సుమారు రెండు గంటల కారు ప్రయాణములో బ్యాటిల్ క్రీక్ అను పట్టణము కలదు. గ్రనోలా అను పేరు పుట్టినది అచ్చటనే. వస్తువు మాత్రము అంతకుముందే, 1863లో, న్యూయార్క్ రాష్ట్రమునందలి డాన్స్‌విల్‌లో జలచికిత్సాలయము నడుపుచుండిన జేమ్స్ కేలబ్ జాక్సన్ అను వైద్యుని చేత రూపొందినది. ఆయన పొట్టు తీయని గోధుమపిండిని నీటితో కలిపి, పలుచగా పరచి కాల్చి, తునకలుగా విరిచి, మరల కాల్చి, ఆ పలుకులకు ‘గ్రాన్యులా’ అని నామకరణము చేసెను. పిండియు నీరును తప్ప వేరొండు లేని ఆ పదార్థము, రాత్రి పాలలోనో నీటిలోనో నానవేసిననే గాని ఉదయమునకు నమలుటకు వశము కానంత గట్టిది. 1876లో బ్యాటిల్ క్రీక్ ఆరోగ్యాశ్రమమునకు అధిపతియైన జాన్ హార్వీ కెల్లాగ్, గోధుమ, ఓట్స్, మొక్కజొన్న పిండులతో అటువంటి దానినే చేయించి, మొదట ఆ పేరే పెట్టి, జాక్సన్‌తో వ్యాజ్యము రాగా ఒక్క అచ్చు మార్చి ‘గ్రనోలా’ అనెను. రోగులకు పథ్యముగా పుట్టి, కొన్ని దశాబ్దులు మరుగుపడి, 1960ల నాటి యువతరము చేతిలో ఓట్స్, గింజలు, తేనె, నూనెలతో అది నూతన జన్మ మెత్తెను. 1969 ఆగస్టులో వుడ్‌స్టాక్ సంగీతోత్సవమున ఆకలిగొన్న జనసమూహమునకు హాగ్ ఫార్మ్ బృందమువారు దానిని కాగితపు గ్లాసులలో పంచిరి. అటుపిమ్మట పెద్ద కంపెనీలు దానిని పెట్టెలకెక్కించినవి.

తీపి కొలత మన చేతికి తిరిగి వచ్చుటయే ఇంటి వంటలోని అసలు లాభమని నా దృఢ విశ్వాసము. ఆ ఆదివారము మేము తీసికొన్నవి ఇవి: రేకులుగా నలగగొట్టిన ఓట్స్ 300 గ్రాములు, బాదము వేరుశనగలు కలిసి 100, గుమ్మడి గింజలును నువ్వులును 50, ఎండుద్రాక్ష 50, నూనె మూడు పెద్ద చెంచాలు, తేనె మూడు పెద్ద చెంచాలు, చిటికెడు ఉప్పు, దాల్చినచెక్క పొడి. ఇది పన్నెండు వడ్డనలు. తేనెనుండి వడ్డనకు వచ్చు చక్కెర సుమారు 4 గ్రాములు, అనగా ఒక చిన్న చెంచా. వాడుకలోనున్న అరకప్పు తేనె కొలతనే అనుసరించిన యెడల అది మూడు చిన్న చెంచాలకు చేరువగును. దినమునకు చక్కెర 25 గ్రాములకు లోబడిన మేలని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2015లో చెప్పినది గనుక, ఉదయపు గిన్నెలోనే సగము చెల్లిపోవుట న్యాయము కాదు. బెల్లము వేసిన దోషము లేదను మాట మన యిండ్లలో తరచు విందుము. బెల్లమునను అత్యధిక భాగము చక్కెరయే. కొబ్బరినూనెలో పదింట ఎనిమిది పాళ్లకు పైగా సంతృప్తపు కొవ్వు కలదు గాన మేము వేరుశనగ నూనె వాడితిమి. ఏడాది నిండని శిశువునకు తేనె తగిలిన దేదియు పెట్టరాదు. ఇది మరువరాని మాట.

ఓట్స్‌లోని బీటా గ్లూకాన్ అను కరిగెడి పీచు దినమునకు 3 గ్రాములు అందినచో రక్తములోని కొలెస్టరాలు తగ్గుటకు తోడ్పడునని అమెరికా ఆహార ఔషధ సంస్థ 1997లో అంగీకరించినది. మన వడ్డనలో ఓట్స్ 25 గ్రాములే గనుక ఆ పీచు సుమారు 1 గ్రాము మాత్రము. తక్కినది దినములోని ఇతరాహారమునుండి రావలయును. గింజలు, నూనె ఉండుటచేత ఒక్క వడ్డనకే రెండువందల కాలరీలకు పైబడును. మంచిదని గిన్నె నింపుకొనుట తగదు.

ఓవెను వేడి 150 డిగ్రీలు. తేనెను నూనెతో కలిపి, ఓట్స్‌కు చేతితో పట్టించి, ట్రేలో వ్రేలెడు మందము మించకుండ పరచితిమి. పది నిమిషములకు అంచులు లేతపసుపు తిరిగినవి; అంచులది నడుమకు, నడుమది అంచులకు కలియబెట్టితిమి. ఇరువది నిమిషములకు నువ్వులు వేగిన వాసన మెట్లవరకు ప్రాకినది. మొదటి విడత నేను చేసిన పొరపాటు చెప్పవలెను: ఎండుద్రాక్షను కూడ మొదటనే కలిపితిని. అది నల్లబడి, ఉబ్బి, గట్టిపడి, ట్రే అంతటిని చేదు చేసినది. ద్రాక్షను దించి చల్లార్చిన తరువాతనే కలుపవలెను.

తొలి ఏకాదశికి జొన్నపేలాల పిండిని బెల్లముతో కలిపి మా అమ్మ పెట్టిన రుచి నోట మెదలినందున గాబోలు, నా చేయి పాకము పట్టుటకే పోయినది. పల్లీ ఉండకు పాకము ప్రాణము. గ్రనోలాకు తీపి తడిమాత్రమే. ముద్దలుగా కావలెనన్న, అవిసెపొడి ఒక చెంచా మూడు చెంచాల నీట నానవేసిన జిగురు చాలును. వేగిన పిమ్మట గరిటె వెనుకతో అదిమి, చల్లారువరకు తాకకుండ విడువవలెను. వేడిగా నున్నప్పుడు మెత్తగా తోచుట సహజము. కరకర చల్లారునప్పుడే వచ్చును.

గుంటూరునకు తిరిగివచ్చిన తరువాత, ఓవెను లేని మా యింట, నా భార్య అడుగు మందపు మూకుటిలో గింజలను, ఓట్స్‌ను విడివిడిగా సన్నసెగపై వేయించి, తుదిని తేనె, నూనె చిలికించి ఐదు నిమిషములు త్రిప్పుచున్నది. ఓట్స్‌లో మూడవవంతు తీసి జొన్నపేలాలు చేర్చినది ఆమెయే. నూనె తక్కువ పట్టినది, నోట తేలికయైనది. పళ్ళెములో ఆరబోసి, చల్లారినపిమ్మట అట్లకాడతో ఒకసారి కదుపును. గలగలమన్న సీసాకెత్తును, లేనిచో మరి రెండు నిమిషములు మూకుటిలో.