కంచంలో సైగలు

కొత్త ఉద్యోగం. కంపెనీ పెద్దలు స్టార్ హోటల్లో విందు ఇచ్చారు. ఓ చేత్తో ఫోర్కు, మరో చేత్తో చాకు పట్టుకుని కుర్రాడు అతికష్టమ్మీద నాలుగు ముక్కలు తిన్నాడు. పక్కాయన ఏదో అడిగితే రెండింటినీ ప్లేటులో పక్కపక్కన పెట్టి అటు తిరిగాడు. మాట ముగించి ఇటు చూస్తే... ప్లేటు లేదు! వెయిటర్ ఎప్పుడో పట్టుకుపోయాడు. ఆకలి దంచేస్తున్నా 'నేనింకా తినలేదు' అని చెప్పడానికి మొహమాటం.

ఇలాంటి అనుభవం మీకూ ఎదురైందా? అయితే తప్పు వెయిటర్‌ది కాదు. ఫోర్కూ చాకూ జంటగా పక్కపక్కన పెడితే 'నా భోజనం అయిపోయింది, తీసేయొచ్చు' అని అర్థం. మన పంక్తిభోజనాల్లో విస్తరాకు మడవడం లాంటిదన్నమాట. మడిచిన విస్తట్లో ఎవరైనా వడ్డిస్తారా?

'కాస్త ఆగుతున్నానంతే' అని చెప్పాలంటే మరో సైగ ఉంది. ఫోర్కును ఎడమవైపు, చాకును కుడివైపు ఏటవాలుగా పెట్టాలి. రెండింటి కొసలూ ప్లేటు మధ్యలో దగ్గరగా, పూరింటి కప్పులా కనిపించాలి. ఫోర్కు ముళ్లు కిందికి బోర్లించి ఉండాలి. ఇక తినడం పూర్తయితే బ్రిటన్‌లో గడియారం ముళ్లు 6:30కి ఉన్నట్టు రెండింటినీ నిలువుగా పెడతారు. అమెరికాలో 4:20కి ఉన్నట్టు వాలుగా పెట్టడం ఎక్కువ. ఎలా పెట్టినా చాకు పదును ఫోర్కు వైపే ఉండాలి, పక్కవాళ్ల వైపు కాదు. ఒకసారి వాడిన చాకును మళ్లీ బల్లమీద పెట్టకూడదు.

అసలు కంగారంతా బల్లమీద బారులు తీరిన సరంజామాను చూసినప్పుడే! మూడు ఫోర్కులు, రెండు చాకులు, స్పూన్లు... ఏది ముందు? కిటుకు చిన్నదే. బయటి వైపు నుంచి లోపలికి రావాలి. వంటకాలు వచ్చే వరసలోనే వాటిని అమరుస్తారు. ప్లేటుకు పైన అడ్డంగా ఉన్నవి చివర్లో వచ్చే తీపి పదార్థాలకు. బ్రెడ్ ప్లేటు ఎడమవైపుది, నీళ్ల గ్లాసు కుడివైపుది మీవి. ఇది మర్చిపోతే పక్కవాళ్ల నీళ్లు తాగేస్తారు!

ఫోర్కు ఎడమ చేతిలో, చాకు కుడి చేతిలో పట్టుకుని, చూపుడువేలిని వాటి వెన్నుమీద ఆనించాలి. ఫోర్కుతో ముక్కను అదిమిపట్టి, చాకుతో కోసి, అదే ఫోర్కుతో నోట్లో పెట్టుకోవడం యూరప్ పద్ధతి. అమెరికాలో చాలామంది కోశాక చాకు పక్కన పెట్టి, ఫోర్కును కుడి చేతిలోకి మార్చుకుంటారు. ఏదైనా ఫర్వాలేదు. అయితే ముక్కలన్నీ ఒకేసారి కోసి పెట్టుకోకూడదు, చాకును నోటి దాకా తీసుకెళ్లకూడదు. బ్రెడ్డును మాత్రం చాకుతో కోయరు, చేత్తోనే తుంచుకోవాలి. ఇంత తతంగంలోనూ చేతికి పని తప్పలేదు చూశారా!

ఇదంతా తెల్లవాళ్లకు ఉగ్గుపాలతో వచ్చిందేమీ కాదు. నాలుగొందల ఏళ్ల కిందట ఇంగ్లండులోనూ చేత్తోనే తినేవారు. థామస్ కోరియట్ అనే ఆంగ్ల యాత్రికుడు 1608లో ఇటలీ వెళ్లి, అక్కడివాళ్లు ఫోర్కుతో తినడం చూసి ముచ్చటపడ్డాడు. ఆ సంగతి 1611లో పుస్తకంలోనూ రాశాడు. ఇంటికొచ్చాక తనూ అలాగే తింటుంటే స్నేహితులు ఆటపట్టించారట! ఇక చాకు సంగతి... ఫ్రాన్స్ రాజు పద్నాలుగో లూయీ 1669లో భోజనాల బల్లమీద మొనదేలిన చాకులనే నిషేధించాడు. ఇప్పటి బల్లమీది చాకుల మొన గుండ్రంగా ఉండటం మీరూ గమనించే ఉంటారు.

కాబట్టి చేత్తో తినడం నామోషీ అనుకోనక్కర్లేదు. మసాలాదోసెను చాకుతో కోస్తూ కుస్తీ పట్టడంకన్నా చేత్తో తుంచుకుంటేనే చూడ్డానికీ బాగుంటుంది. ఇక అన్నం, బిర్యానీల్లాంటివాటికి థాయ్‌లాండ్ వాళ్ల పద్ధతి సుఖం. కుడి చేతిలో స్పూను, ఎడమ చేతిలో ఫోర్కు. ఫోర్కుతో స్పూనులోకి నెట్టుకుని స్పూనుతో తింటారు.

తింటుండగా ఫోర్కు జారి కింద పడిందనుకోండి. బల్లకింద దూరి వెతక్కండి. వెయిటర్‌కు సైగ చేస్తే ఇంకోటి తెస్తాడు.

పిల్లలకు నేర్పాలంటే ఇంట్లోనే, ఆదివారం పూట ఆమ్లెట్టుతో మొదలుపెట్టొచ్చు. చాకు మాత్రం మొద్దుదే ఇవ్వండి.