ఊగే బంతి లోపలి లెక్క

పదో తరగతికి సంభావ్యత పాఠం చెబుతున్నాను. నాణేలు ఎగరేయడం అయింది, పాచికలు దొర్లించడం అయింది, సంచిలోంచి ఎర్ర బంతి తీయడమూ అయింది. వెనక బెంచీలోంచి ఒకడు చెయ్యెత్తాడు.

"టీచర్, పోకె బాల్ ఊగుతున్నంతసేపూ బి బటన్ గట్టిగా నొక్కి పట్టుకుంటే లోపలున్న పోకెమాన్ బయటికి రాలేదు. మా అన్నయ్య చెప్పాడు. అది కూడా సంభావ్యతలోకి వస్తుందా?"

"బి ఒక్కటే చాలదు, కింది బాణం కూడా కలిపి నొక్కాలి" అని ఇటు నుంచి ఒక అమ్మాయి సరిదిద్దింది.

ఆ రోజు నేను జవాబు చెప్పలేదు. చిన్నప్పుడు నేనూ అదే బటన్ నొక్కి పట్టుకుని ఊపిరి బిగబట్టినదాన్నే. ఒకరి ముఖం ఒకరు చూడని దేశదేశాల పిల్లలు ఇదే మంత్రాన్ని నమ్మారు. 1948లో మనస్తత్వవేత్త స్కిన్నర్ పావురాల మీద ఒక ప్రయోగం చేశాడు. పావురం ఏం చేసినా చేయకపోయినా, నిర్ణీత సమయానికి గింజలు పడేలా పెట్టె అమర్చాడు. గింజ పడిన క్షణంలో గుండ్రంగా తిరుగుతున్న పావురం, ఆ తిరుగుడు వల్లే గింజ పడిందన్నట్టు మళ్ళీ మళ్ళీ తిరగడం మొదలుపెట్టింది. మా క్లాసు పిల్లల బొటనవేళ్ళలో ఉన్నది ఆ తిరుగుడే. కానీ "అది మూఢనమ్మకం, కూర్చో" అంటే సరిపోతుందా? బంతి లోపల ఏం జరుగుతోందో చూపించాలి. అభిమానులు ఆ పాత పోకెమాన్ వీడియో ఆట ప్రోగ్రామును గింజ గింజా విప్పి చదివి పెట్టారు. దాన్ని ముందేసుకుని రెండు వారాలు సాయంత్రాలు కాగితం మీద లెక్కలు వేశాను. నాకు దొరికినది బటన్ కన్నా చాలా పెద్ద సంగతి.

టోక్యో శివార్లలో పురుగులు పట్టుకుంటూ పెరిగిన సతోషి తజిరి బృందం 1996లో జపాన్‌లో విడుదల చేసిన పోకెమాన్ రెడ్, గ్రీన్ ఆటల దగ్గర మొదలుపెడతాను. అడవి జీవిని చావకుండా కొట్టి నీరసపరచాలి, కుదిరితే నిద్రపుచ్చాలి, అప్పుడు బంతి విసరాలి. ఇది ఆడిన ప్రతివాళ్ళకూ తెలుసు. ఈ మూడింటిలో దేనికి ఎంత బలం ఉందో మాత్రం ఆడేవాళ్ళకు కనిపించదు.

ఆ ఆటలు నడిచిన గేమ్ బాయ్ చాలా చిన్న యంత్రం. దాని ప్రాసెసర్‌కు గుణకారం చేసే ఆదేశమే లేదు. కూడిక, తీసివేత మాత్రం చిటికెలో చేస్తుంది. ఒక బైటులో పట్టే అంకెలు 0 నుంచి 255 వరకు. ఆ ఇరుకులోనే రెండు గడపలు కట్టారు.

మొదటి గడప: ప్రతి జీవికీ ఒక క్యాచ్ రేట్ రాసి ఉంటుంది. ఊరి చివర గడ్డిలో ఎగిరే పిడ్జీకి 255. ఆట చివర గుహలో కూర్చున్న మ్యూట్వోకి 3. బంతి పడగానే యంత్రం ఒక యాదృచ్ఛిక సంఖ్య తీస్తుంది. మామూలు పోకె బాల్ అయితే 0 నుంచి 255 లోపు, గ్రేట్ బాల్ అయితే 200 లోపు, అల్ట్రా బాల్ అయితే 150 లోపు. జీవి నిద్రలోనో మంచులో గడ్డకట్టో ఉంటే ఆ సంఖ్యలోంచి 25 తీసేస్తుంది. విషం, కాలిన గాయం, పక్షవాతం అయితే 12. మిగిలినది క్యాచ్ రేట్ కన్నా ఎక్కువైతే బంతి పగిలినట్టే. సున్నా కన్నా తక్కువకు పోతే మాత్రం రెండో గడప తొక్కే పని లేకుండా జీవి దొరికినట్టే.

రెండో గడప ప్రాణం లెక్క. జీవి పూర్తి ప్రాణాన్ని, అంటే హెచ్‌పీని, 255తో హెచ్చించి, 12తో భాగించి, దాన్ని మళ్ళీ ఇప్పుడు మిగిలిన హెచ్‌పీలో నాలుగో వంతుతో భాగిస్తారు. దెబ్బ తగలని జీవికి వచ్చేది 85. ఇంకో యాదృచ్ఛిక సంఖ్య తీసి, అది ఈ ఫలితాన్ని మించకపోతే జీవి మనది. మిగిలిన ప్రాణం మూడో వంతుకు దిగేసరికి ఫలితం 255 అవుతుంది, గడప పూర్తిగా తెరుచుకుంటుంది. అంతకన్నా కిందికి ఎంత కొట్టినా ఒక్క పిసరు లాభం లేదు. ఎర్ర గీత కనిపించేదాకా, ఒక్క హెచ్‌పీ మిగిలేదాకా గుండె చేత్తో పట్టుకుని కొట్టిన ఆ దెబ్బలన్నీ వృథా అన్నమాట.

ఇక్కడే నాకెంతో ఇష్టమైన పోటీ ఒకటి ఉంది. ఆ భాగహారంలో గ్రేట్ బాల్‌కు మాత్రం 12 బదులు 8 వాడతారు. అల్ట్రా బాల్‌కు మళ్ళీ 12. దెబ్బ తగలని పిడ్జీ మీద 200 పెట్టి కొన్న పోకె బాల్ విసిరితే మూడింట ఒక వంతు అవకాశం. 1,200 పెట్టి కొన్న అల్ట్రా బాల్ విసిరినా అదే మూడింట ఒక వంతు. 600 పెట్టి కొన్న గ్రేట్ బాల్ విసిరితే దాదాపు సగం! మొదటి గడప ఎలాగూ తెరిచే ఉన్న సులువైన జీవుల దగ్గర నడిమి బంతి ఖరీదైన బంతిని ఓడిస్తుంది. ఎంతమంది పిల్లలు సంచి నిండా అల్ట్రా బాల్స్ కొనుక్కుని గడ్డిలో తిరిగారో తలచుకుంటే నాకు ఇప్పటికీ ఆ చిన్న 8 మీద ప్రేమ పుడుతుంది.

ఇప్పుడు మ్యూట్వో దగ్గరికి వద్దాం. ప్రాణం బాగా తగ్గించి, మెలకువగా ఉన్నప్పుడే అల్ట్రా బాల్ విసిరారనుకోండి. 0 నుంచి 150 దాకా ఉన్న 151 సంఖ్యల్లో 0, 1, 2, 3 మాత్రమే పనికొస్తాయి. అంటే 2.6 శాతం. దాన్నే నిద్రపుచ్చి విసిరితే? 25 తీసేస్తారు కాబట్టి 0 నుంచి 28 దాకా 29 సంఖ్యలు పనికొస్తాయి. 19 శాతం దాటింది. అసలు కొట్టకుండానే, నిండు ప్రాణంతో ఉండగానే నిద్రపుచ్చి విసిరితే ఎంతో చూశాను. 17 శాతం పైచిలుకు. ఈ లెక్క మూడుసార్లు వేసుకున్నాను, తప్పేమోనని. తప్పు కాదు. ఆ ఆటలో అన్నిటికన్నా కష్టమైన జీవిని పట్టడానికి కొట్లాటే అక్కర్లేదు, జోలపాట చాలు. గడ్డకట్టించగలిగితే ఇంకా మేలు, ఎందుకంటే ఆ మొదటి ఆటల్లో గడ్డకట్టినది తనంతట తాను కరగదు.

ఎందుకిలా అయింది? నిద్రను కూడికలా కలిపారు కాబట్టి. టీచరుగా నాకిది గ్రేస్ మార్కుల లెక్కలా కనిపించింది. 80 వచ్చిన పిల్లకు 25 కలిపినా పెద్ద తేడా ఉండదు. 3 వచ్చిన పిల్లవాడికి 25 కలిపితే వాడి జాతకమే మారిపోతుంది. అదే "ఎవరికొచ్చినవి వాళ్ళకు రెట్టింపు" అన్నామనుకోండి, 3 వచ్చినవాడికి 6 అవుతాయి. ఒక తీసివేత చేసి సున్నా దాటిందో లేదో చూడటం ఆ చిన్న ప్రాసెసర్‌కు తేలిక. అందుకే అలా రాశారని నా ఊహ. కారణం ఏదైనా, ఆ తీసివేత వల్ల లోకంలోకెల్లా బలమైన రాక్షసుడు నిద్ర ముందు మోకరిల్లాడు.

2002లో గేమ్ బాయ్ అడ్వాన్స్ మీద రూబీ, సఫైర్ వచ్చాయి. కొత్త యంత్రం హెచ్చవేతలు సులువుగా చేస్తుంది. కూడిక పోయి గుణకారం వచ్చింది. క్యాచ్ రేట్‌ను ప్రాణం లెక్కతో, బంతి బలంతో, నిద్ర బలంతో వరసగా హెచ్చిస్తారు. నిండు ప్రాణం నుంచి ఒక్క హెచ్‌పీ దాకా దించితే అవకాశం సుమారు మూడు రెట్లు. అల్ట్రా బాల్‌కు రెండు రెట్లు. నిద్రకు రెండు రెట్లు, పక్షవాతానికి ఒకటిన్నర. ఇప్పుడు చివరి దెబ్బ దాకా విలువ ఉంది. జీవికి కనీసం ఒక్క హెచ్‌పీ అయినా మిగిల్చే ఫాల్స్ స్వైప్ అనే దెబ్బ సంగ్రాహకుల చేతిలో బంగారం అయింది.

2004లో పాత ఆటనే ఫైర్‌రెడ్, లీఫ్‌గ్రీన్ పేర్లతో తిరగరాశారు. అదే గుహ, అదే మ్యూట్వో, అదే 3. ఒక్క హెచ్‌పీ మిగిల్చి, నిద్రపుచ్చి, అల్ట్రా బాల్ విసిరితే 3ని 2తో, మళ్ళీ 2తో హెచ్చిస్తే 12. 255లో 12, అంటే 5 శాతం కూడా కాదు. పాత ఆటలో పది బంతులతో 88 శాతం ఖాయంగా దొరికినది, కొత్త ఆటలో అదే పది బంతులకు 38 శాతం దగ్గర ఆగిపోతుంది. చిన్నప్పుడు సులువుగా పట్టిన దాన్ని పెద్దయ్యాక పట్టలేకపోతే చెయ్యి మొద్దుబారిందనుకోకండి. లెక్కలోంచి ప్లస్ గుర్తు పోయింది, అంతే.

ఇక ఊగడం సంగతి. నా విద్యార్థి అడిగినది దాని గురించే కదా.

1996 ఆటలో, బంతి నేలను తాకేలోపే ఫలితం తేలిపోతుంది. జీవి తప్పించుకుందని తేలాక, బంతి ఎన్నిసార్లు ఊగాలో యంత్రం విడిగా ఇంకో లెక్క వేస్తుంది. ఆ లెక్కలో యాదృచ్ఛిక సంఖ్య లేదు. క్యాచ్ రేట్, బంతి రకం, ప్రాణం, నిద్ర, ఇవే. అంటే పరిస్థితి మారనంతవరకు ఓడిన ప్రతి బంతీ సరిగ్గా అన్నేసిసార్లే ఊగుతుంది. నిండు ప్రాణంతో ఉన్న పిడ్జీ పోకె బాల్ నుంచి తప్పించుకుంటే ఎప్పుడూ రెండు ఊపుల తర్వాతే. నీరసించి నిద్రపోతున్న మ్యూట్వో అల్ట్రా బాల్ నుంచి తప్పించుకుంటే ఎప్పుడూ ఒక్క ఊపు తర్వాతే. కాబట్టి ఆ బంతి రెండోసారి ఊగిందంటే మీరు గెలిచేశారు, ఇంకా తెరమీద చెప్పలేదంతే! "అబ్బ, కొద్దిలో తప్పిపోయింది" అనుకున్న ప్రతిసారీ మనం చూసినది అదృష్టం కాదు, పరిస్థితి మీద ఆట రాసిచ్చిన ప్రోగ్రెస్ కార్డు.

2002లో ఆ ఊపుల్ని నిజం చేశారు. ఇది నాకు ఈ కథ మొత్తంలో అత్యంత అందమైన పని. మొత్తం అవకాశం తీసుకుని దానికి వర్గమూలం, ఆ వర్గమూలానికి మళ్ళీ వర్గమూలం కడతారు. వచ్చిన అవకాశంతో నాలుగు పరీక్షలు పెడతారు. నాలుగూ గట్టెక్కితే జీవి మనది. నాలుగుసార్లు హెచ్చిస్తే మొదటి అవకాశమే తిరిగొస్తుంది కాబట్టి మొత్తంలో మోసం లేదు. మొత్తం అవకాశం పదహారింట ఒకటైతే ఒక్కో పరీక్ష సరిగ్గా బొమ్మాబొరుసు. గట్టెక్కిన ప్రతి పరీక్షకూ ఒక ఊపు. నిద్రపోతున్న మ్యూట్వో విషయంలో ఒక్కో పరీక్ష నెగ్గే అవకాశం సుమారు 47 శాతం. బంతి మూడుసార్లు ఊగాక ఆ పిల్లవాడి గుండె కొట్టుకుంటుంది చూడండి, ఆ క్షణాన అవకాశం నిజంగానే దాదాపు సగం. పాత ఆటలో ఉత్త బొమ్మగా ఉన్నది ఇక్కడ గణితం. అయితే నాలుగు పరీక్షలూ రెప్పపాటులో ముందే జరిగిపోతాయి. ఊపులు వాటి ఫలితాన్ని నింపాదిగా చదివి వినిపిస్తాయి. బి బటన్ నొక్కేసరికి పేపర్లు దిద్దడం కూడా అయిపోయింది.

మిగతా చరిత్ర త్వరగా చెప్పేస్తాను. 1996, 2002 ఆటల మధ్య 1999లో వచ్చిన గోల్డ్, సిల్వర్‌లో విషం, కాలిన గాయం, పక్షవాతం పట్టుకోవడానికి ఏమీ సాయపడవు. ప్రోగ్రాములో చిన్న తప్పు. ఆడామగా జంట మీద పనిచేయాల్సిన లవ్ బాల్ ఇద్దరూ ఒకే లింగమైతేనే పనిచేస్తుంది, అదీ తప్పే. తర్వాత మొదటి వంతులోనే విసరాల్సిన క్విక్ బాల్, చీకట్లో బలం పెరిగే డస్క్ బాల్ వచ్చాయి. 2010లో బ్లాక్, వైట్ ఆటల్లో, ఎక్కువ రకాలు పట్టినవాళ్ళకు ఒక్కోసారి ఒకే ఒక్క పరీక్షతో తేలిపోయే విసురు వచ్చింది. 2016లో పోకెమాన్ గో వీధుల్లోకి వచ్చి, మెలితిప్పి విసిరే చేతివాటానికి కూడా లెక్కలో చోటిచ్చింది.

సోమవారం ఇదంతా బోర్డు మీద వేసి చూపించాను. ప్రశ్న అడిగినవాడి ముఖం చిన్నబోయింది.

"అయితే బటన్‌కి ఏ పనీ లేదా టీచర్?"

ఉంది. బంతి విసరడానికి నొక్కే నొక్కుకు ఉంది. పాత గేమ్ బాయ్‌లో సెకనుకు 16,384 సార్లు కదిలే చిన్న గడియారం ఒకటి ఉంటుంది. 0 నుంచి 255 దాకా లెక్కపెట్టి మళ్ళీ 0కి వస్తుంది. యాదృచ్ఛిక సంఖ్య తయారు కావడానికి యంత్రం తొంగి చూసేది దానిలోకే. జాతరలో గిర్రున తిరిగే చక్రాన్ని కళ్ళు మూసుకుని వేలితో ఆపినట్టు, మనం బటన్ నొక్కిన క్షణమే సంఖ్యను తెంపుతుంది. రవ్వంత ఆలస్యంగా నొక్కితే అది వేరే బంతి. 2004లో వచ్చిన ఎమరాల్డ్ ఆటలో యాదృచ్ఛిక సంఖ్యల వరస ఆట వేసిన ప్రతిసారీ సున్నాతోనే మొదలవుతుంది. అందుకే గడియారం చేత పట్టుకుని ఇన్ని సెకన్లని లెక్కపెట్టి, కావలసిన సంఖ్య వచ్చే క్షణానికి బటన్ నొక్కేవాళ్ళు తయారయ్యారు.

వాడు కాసేపు ఏమీ మాట్లాడలేదు. తర్వాత, "సెకనుకు ఎన్ని చుట్లు తిరుగుతుంది టీచర్ ఆ చక్రం?" అన్నాడు. సుద్దముక్క అందించాను. బోర్డు దగ్గరికొచ్చి 16,384ను 256తో భాగించాడు. శేషం లేకుండా 64 వచ్చింది.