ఇంట్లోనే ఆర్కెస్ట్రా

"సంగీతం నేర్చుకోనివాడు సినిమాకి సంగీతం ఎలా చేస్తాడు?" అని అడిగేవాళ్ళకి ఈమధ్య నేను ఒకే పేరు చెబుతున్నాను: ఫ్రాన్స్వా ద రూబే. 1939లో పారిస్‌ పక్కనే పుట్టాడు. మ్యూజిక్ కాలేజీ మొహం చూడలేదు. జాజ్ పిచ్చి పట్టి, విని వాయించి, వాయించి విని నేర్చుకున్నాడు. నాన్న పాల్ సినిమా నిర్మాత కాబట్టి తొలి అవకాశాలు ఆయన తీసిన చిన్న చిత్రాల్లోనే దొరికాయి. అందరికీ అలాంటి నాన్న ఉండడు, అది కూడా లెక్కలో వేసుకోవాలి.

1967లో మెల్విల్ తీసిన 'ల సమురాయ్' వచ్చింది. మొదటి పది నిమిషాలు దాదాపు మాటల్లేని సినిమా అది. హీరో అలాన్ దెలాన్ పెద్దగా మాట్లాడడు కాబట్టి ఆ ఒంటరితనం అంతా ట్యూనే మోయాలి. ద రూబే సంగీతం అక్కడ గోల చేయదు, అవసరమైన చోట వచ్చి వెళ్ళిపోతుంది. నాకు నచ్చింది అదే.

కానీ నన్ను ఎక్కువ ఆకట్టుకున్నది ఆయన ఇల్లు. పారిస్‌లోని అపార్ట్‌మెంట్‌నే స్టూడియో చేసేశాడు. మామూలుగా అయితే కంపోజర్ నొటేషన్ రాయాలి, కాపీలు తీయాలి, స్టూడియో బుక్ చేయాలి, ముప్పై నలభై మంది వచ్చి వాయించాలి. మల్టీట్రాక్ టేపు ఉంటే ఇవేవీ అక్కర్లేదు. ఒక ట్రాక్‌లో గిటార్ రికార్డ్ చేసి, దాన్ని హెడ్‌ఫోన్స్‌లో వింటూ రెండో ట్రాక్‌లో ఇంకో వాద్యం వాయించొచ్చు. ట్రాకులు అయిపోతే కొన్నిటిని కలిపి ఒకే ట్రాక్‌లోకి దించాలి. అలా దించి పాత ట్రాకులు చెరిపేస్తే మళ్ళీ విడదీయలేం, అన్‌డూ లేదు! కాబట్టి ఏది గట్టిగా, ఏది మెల్లగా వినిపించాలో ముందే తేల్చుకోవాలి.

దానికి తోడు వీసీఎస్ 3 అనే సింథసైజర్. 1969లో లండన్‌లో తయారైంది. అందులో వైర్లు గుచ్చే పని లేదు, ఒక గళ్ళ బోర్డు ఉంటుంది. అడ్డ వరసలో సౌండ్ పుట్టించే భాగాలు, నిలువు వరసలో దాన్ని మార్చే భాగాలు. ఏ గడిలో పిన్ను పెడితే ఆ రెండూ కలుస్తాయి. మన సీఎస్‌ఈ వాళ్ళకి ఇంకా చెప్పాలా? అచ్చంగా అడ్జసెన్సీ మ్యాట్రిక్సే.

టీవీకీ చేశాడు. 1974లో మొదలైన 'షాపి షాపో' అనే పిల్లల బొమ్మల సీరియల్ సంగీతం ఫ్రాన్స్‌లో ఆ తరం పిల్లలకి బాగా గుర్తు. 1970 నాటి 'దెర్నియే దోమిసిల్ కొన్యు' పోలీసు సినిమా. సాక్షి కోసం పారిస్ అంతా కాళ్ళరిగేలా తిరిగే కథ. ఆ ట్యూన్ కూడా ఆగకుండా నడుస్తూనే ఉంటుంది. 2000లో రాబీ విలియమ్స్ దాన్ని తన 'సుప్రీమ్' పాటలో వాడుకున్నాడు. మీరు తెలియకుండానే ఇప్పటికే విని ఉండొచ్చు.

ఆయనకి సంగీతం తర్వాత సముద్రమే ప్రాణం. అందుకే కూస్టో అంటార్కిటికా డాక్యుమెంటరీకి చేసిన సంగీతం తిరస్కరణకి గురవడం చాలా బాధ కలిగించి ఉంటుందని నా ఊహ. అదృష్టం ఏంటంటే టేపులు మిగిలాయి, చాలా ఏళ్ళకి ఆల్బమ్‌గా వచ్చాయి.

1975 నవంబరులో కెనరీ దీవుల్లోని టెనెరీఫ్ దగ్గర స్కూబా డైవింగ్ చేస్తూ చనిపోయాడు. వయసు 36. మరుసటి ఏడాది ఫ్రాన్స్‌లో మొట్టమొదటి సెజార్ అవార్డులు ఇచ్చారు. ఉత్తమ సంగీతం అవార్డు 'ల వ్యూ ఫ్యుజీ'కి గాను ఆయనకే వచ్చింది.